మరువం వేసిన నూనె

జహనుమా,
10-2-1974

చిరంజీవి తమ్ముడు బాలనర్సింహకు నీ అక్క రాజమణి దీవించి రాస్తున్నది.

రుక్మిణికి సైదాబాద్ సంబంధం ఖాయమైందని నీ ఉత్తరం అందింది. పొయ్యి మీద పాలు పొంగిపోతున్నా లేవకుండా రెండుసార్లు చదువుకున్నాను. నీ కూతురే అయినా నాలుగేళ్లు నా దగ్గరే ఉండి బడికి పోయిన పిల్ల. పొద్దున్నే గుంజకు ఆనుకొని కూర్చుంటే నేను జడ వేసేదాన్ని, అది ఎక్కాలు చదివేది. పెండ్లినాడు కూడా దాని జడ నేనే వేస్తాను. ఇప్పుడే చెబుతున్నాను, ఇంకెవరికీ మాట ఇవ్వకు.

నా వంట ఉద్యోగం బాగానే సాగుతున్నది. మా సిస్టర్ల హాస్టల్లో ఇటలీ నుంచి వచ్చిన ముసలామె ఉంది, అందరూ పెద్ద సిస్టర్ అంటారు. పళ్లన్నీ ఊడిపోయాయి. రొట్టె నూనెలో ముంచుకొని తినడం తప్ప వేరే ఏదీ సహించదు. ఆ నూనె ఏదనుకున్నావు, చార్మినార్ దగ్గర హకీం దుకాణాల్లో చిన్న సీసాల్లో అమ్ముతారే, జైతూన్ తేల్, అదే. ఆలివ్ నూనె. ఆమెకు వాళ్ల ఊరి నుంచి డబ్బాల్లో వస్తుంది. ఇన్నాళ్లూ ఆమె చెల్లెలు అందులో ఏవో ఆకులు, దినుసులు నానబెట్టి పంపేది. ఆ చెల్లెలు పోయిన ఏడాది చనిపోయింది. ఇప్పుడు ఉత్త నూనె వస్తున్నది. పెద్ద సిస్టర్ ఒక ముక్క ముంచుకొని గిన్నె పక్కకు జరుపుతుంది.

నేను చేసి ఇస్తానన్నాను. నా చెయ్యి నీకు తెలుసు కదా. నూనె పొగలు వచ్చేదాకా కాచి, ఆవాలు, జీలకర్ర, ఎండు మిరపకాయలు, వెల్లుల్లి వేసి చిటపటలాడించి, పైన ఇంగువ కూడా వేసి తీసుకుపోయాను. ఆమె వేలితో నాకి చూసి, "తేల్ లాయీ రాజమణీ, దాల్ కిదర్ హై?" అని అడిగింది. నూనె తెచ్చావు, పప్పు ఏదీ అని. వంటింట్లో అందరూ పడి పడి నవ్వారు. నాకు మండింది.

తరువాత ఆమె చెల్లెలు పంపిన ఆఖరి సీసా, అడుగున నాలుగు చుక్కలు మిగిలినది, తెచ్చి నా ముక్కు దగ్గర పెట్టింది. ఆ వాసన నేను వెంటనే గుర్తుపట్టాను. అది ఏ ఆకో నీకు చెబితే నమ్మవు. కాగితం అయిపోయింది, మరోసారి రాస్తాను.

నీ అక్క,
రాజమణి


కాజీపేట,
24-2-1974

పూజ్యురాలైన అక్కకు తమ్ముడు బాలనర్సింహ నమస్కరించి రాయునది.

మేమంతా కులాసా. పెండ్లి జూన్ రెండో తేదీకి నిశ్చయం చేశాం. ఇక్కడే రైల్వే క్వార్టర్ల ముందు పందిరి వేస్తాం. లోకో షెడ్డులో నాకు సెలవు దొరకడం కష్టమే, యూనియన్ వాళ్లు పెద్ద లొల్లి మొదలుపెట్టేలా ఉన్నారు. నేనూ అందులో ఉన్నాను కాబట్టి ఫిర్యాదు చేయడానికి లేదు.

ఒక మాట అడగాలా వద్దా అని రెండు రోజులు ఆలోచించాను. సక్కుబాయి అత్త వచ్చిపోయింది. ఈ సంబంధం తెచ్చింది ఆమే అని నీకు తెలుసు. గుడిమల్కాపూర్ నుంచి వచ్చే బస్సులో నువ్వు దిగుతుంటే అఫ్జల్‌గంజ్ దగ్గర చూసిందట. నీ ఒడిలో పెద్ద మరువం కట్ట ఉందట. ఎవరికి, ఎక్కడిదని అడిగితే, మొగులయ్య తోటలోదని చెప్పి, ఆగకుండా పోయావట. అది ఒక ఆదివారం కాదు, రెండు ఆదివారాలు అంటున్నది.

దేవుడి కోసమే అయి ఉంటుందని నేను సర్ది చెప్పాను. అంతే కదా అక్కా? బావ పోయి ఆరేళ్లు అవుతున్నది. నీ పద్ధతి గురించి ఇప్పటిదాకా ఎవరూ ఒక్క మాట అనలేదు. నీ మరదలు లీలమ్మ నిన్ను అడిగానని చెప్పమన్నది.

తమ్ముడు,
బాలనర్సింహ


జహనుమా,
3-3-1974

తమ్మీ, దీవెనలు.

దేవుడి కోసం కాదు. నూనె కోసం.

పెద్ద సిస్టర్ సీసాలో ఉన్న ఆకు మన మరువమే. మనం మల్లెల మధ్య కట్టి తలలో పెట్టుకుంటాం, వాళ్లు నూనెలో వేసుకొని తింటారు. నేను ముక్కుతో పట్టుకున్నాను, ఆమె ఔనన్నది. అఫ్జల్‌గంజ్‌లో అత్త నన్ను ఆపి, "ఎవలకే గది?" అని అందరి ముందూ అరిచింది. బస్సు దాటిపోతుందని నేను ఆగలేదు.

మొదటి కట్ట పాడు చేశాను. శుభ్రంగా కడిగి, నీళ్లు దులిపి, పచ్చి వెల్లుల్లి దంచి, అన్నీ కలిపి సీసాలో వేసి నూనె పోసి బిగించాను. వారం దాటేసరికి సీసాలో బుడగలు. మూత తీస్తే మురిగిన కంపు. రుచి చూడనివ్వకుండా పెద్ద సిస్టర్ మొత్తం పారబోయించింది. నూనెకు నీళ్లే దుష్మన్ అన్నది. అంటే తడి ఉన్నదేదీ వేయకూడదన్నమాట, వెల్లుల్లి అసలే వద్దు. ఇప్పుడు మరువాన్ని మల్లుగుడ్డ మీద పరచి నీడలో ఆరబెడుతున్నాను. వేళ్ల మధ్య నలిపితే గలగలమని పొడి కావాలి. ధనియాలు, మిరియాలు, చిటికెడు ఓమ, రెండు ఎండు మిరపకాయలు ఎండలో పెట్టి, నూనెను వేలు ఓర్చుకునేంత వెచ్చగా మాత్రమే కాచి, అందులో వేసి మూత పెట్టాలి. పొగ రాకముందే దించాలంటే నాకు ప్రాణం మీదికి వస్తున్నది. తాలింపుకు అలవాటైన చెయ్యి ఊరుకోదు.

మొగులయ్య ఎవరని అడగకుండా అడిగావు కాబట్టి చెబుతున్నాను. మస్తు మంచి మనిషి. నేను పోగానే మంచం వాల్చి కూర్చోమంటాడు. మజ్జిగ వస్తుంది. ఆదివారం ఎప్పుడొస్తుందా అని చూస్తుంటాను. ఇంకా వివరాలు కావాలంటే అత్తను ఇంకో రెండు బస్సులు మారమను.

రుక్మిణికి జడకు కావలసిన కుచ్చులు నేను తెస్తాను. పాతవి వాడొద్దు.

నీ అక్క,
రాజమణి


కాజీపేట,
14-3-1974

అక్కకు,

నీ ఉత్తరం లీలమ్మకు చదివి వినిపించలేకపోయాను. దాచిపెట్టాను. ఒక మగవాడి తోటకు ఆదివారం కోసం ఎదురుచూస్తూ పోతున్నానని తోడబుట్టిన తమ్ముడికి రాయడానికి నీకు చేతులెలా వచ్చాయి? ఇదంతా ఎక్కడికి పోతున్నదో నాకు అర్థమైంది. మరువం తింటున్నానంటే ఎవరు నమ్ముతారు? నేను షెడ్డులో వాళ్లను అడిగాను, అందరూ నవ్వారు. పసిపిల్లల ఒంటికి మాలిష్ చేసే నూనెలో పూలకట్ట వేసుకొని రొట్టెతో తింటున్నావని మగపెండ్లివారికి చెప్పమంటావా?

అబ్బాయి తల్లి నాగమణమ్మను చూడు. ఆమె భర్త పోయి పదేళ్లయింది. నలుగురిలోకి రాదు, గట్టిగా మాట్లాడదు. కొడుకు పెండ్లిలో కూడా వెనక గదిలోనే కూర్చుంటానని ముందే చెప్పింది. సంబంధం మాట్లాడేటప్పుడు ఆమె పద్ధతి చూసి నాకు గౌరవం కలిగింది. ఆ ఇంటికి పిల్లను ఇస్తూ, పిల్ల మేనత్త తలలో మరువం పెట్టుకొని తిరుగుతున్నదని ఆమె చెవిన పడితే ఏమవుతుందో నువ్వే ఆలోచించు.

అందుకే చెబుతున్నాను. మరువం మానెయ్యి. ఆ హాస్టల్ వంట పని కూడా మానెయ్యి, ఈ బుద్ధులన్నీ అక్కడి నుంచే వస్తున్నాయి. నెలనెలా నేను చూసుకుంటాను. అలాగైతే పెండ్లికి వారం ముందే రా. లేకపోతే వచ్చి జడ వేస్తాననే మాట మరిచిపో.

బాలనర్సింహ


జహనుమా,
21-3-1974

బాలనర్సింహా,

దీవెనలు ఈసారి చివర రాస్తాను, అప్పటికి కోపం తగ్గితే.

మొగులయ్యకు డెబ్బై నాలుగేళ్లు. రెండు కళ్లలో పువ్వు పూసింది. ఏది మరువమో ఏది దవనమో చేత్తో తడిమి చెబుతాడు. మంచం వాల్చేది ఆయన, మజ్జిగ ఇచ్చేది ఆయన కోడలు. నేను ఎగతాళికి రాశాను. చిన్నప్పుడు నా ఎగతాళి నీకు అర్థమయ్యేది. అడగాల్సిన మాట సూటిగా అడగకుండా, దేవుడి కోసమే కదా అని నాతోనే అబద్ధం చెప్పించాలని చూశావు. అందుకు అలా రాశాను.

ఇక తలలో పెట్టుకున్నానన్న మాట. పెట్టుకోలేదు. నువ్వు చూడలేదు, అత్త చూడలేదు, ఎవరూ చూడలేదు. ఒడిలో కట్ట ఉంటే తలలోకి ఎక్కించింది మీరే.

మీ బావ శుక్రవారం శుక్రవారం బస్సు డ్యూటీ దిగి వస్తూ మరువం, కనకాంబరాలు కలిపి కట్టిన మూర తెచ్చేవాడు. ఖాకీ చొక్కా జేబులోంచి తీసేవాడు, దానికి డీజిల్ వాసన అంటేది. పదకొండో రోజు నా తల్లో పూలు తీసేసింది సక్కుబాయి అత్తే. "ఇగ మరువం వాసన గూడ నీకొద్దు బిడ్డా" అన్నది. ఏడుస్తూనే అన్నది, ఆమెను తప్పుపట్టడం లేదు. ఆ రోజు నుంచి ఆరేళ్లు నేను ఏం తిన్నానో నాకు తెలియదు. ఉప్పు ఎక్కువైందో తక్కువైందో హాస్టల్ పిల్లల మొహాలు చూసి తెలుసుకునేదాన్ని. వంటమనిషిని, నా నోటికి రుచి లేదు.

మొన్న నూనె కుదిరింది. చీకటిగా ఉండాలని ట్రంకు పెట్టెలో పదిహేను రోజులు ఉంచి, గుడ్డలో వడకట్టాను. పెద్ద సిస్టర్ రొట్టె ముంచుకొని నోట్లో పెట్టుకొని చప్పరించింది. తరువాత గిన్నె నా వైపు తోసింది. నేనూ ఒక ముక్క ముంచుకున్నాను. శుక్రవారం వచ్చినట్టయింది తమ్మీ. మూడు రొట్టెలు తిన్నాను. ఆరేళ్ల తరువాత నాకు ఆకలి అయింది.

తలలో పెట్టుకోవద్దన్నారు, పెట్టుకోలేదు. కడుపులో పెట్టుకోవద్దని మాత్రం ఎవరూ అనలేదు. మరువం తినవచ్చని మీకెవరికీ తెలియదు కాబట్టి అనలేదు. నాకు తెలిసింది. ఇక మానను.

ఉద్యోగం కూడా మానను. రుక్మిణి నాలుగేళ్లు ఇక్కడ తిన్నది ఆ వంటింటి జీతంతోనే. నువ్వు నన్ను చూసుకోనక్కర్లేదు, నన్ను నేను చూసుకుంటున్నాను. పెండ్లికి పిలిస్తే వస్తాను, జడ వేస్తాను. పిలవకపోతే రాను. మాట మార్చి మాత్రం రాను.

మీ షెడ్డు అమరనాథ్ చుట్టాలింటికి వచ్చాడు. అతని చేతికి ఒక సీసా ఇచ్చాను. నమ్మకం లేకపోతే తిని చూడు.

దీవెనలు లీలమ్మకు, రుక్మిణికి.

రాజమణి


కాజీపేట,
9-4-1974

అక్కకు,

సీసాను అమరనాథ్ చేతనే తిరిగి పంపుతున్నాను. మూత కూడా తీయలేదు. పెండ్లికూతురున్న ఇంట్లో దాన్ని ఉంచడానికి లీలమ్మ ఒప్పుకోలేదు.

మొగులయ్య సంగతి తెలిసి నా మనసు కుదుటపడింది. కానీ లోకానికి వయసులు చెప్పుకుంటూ తిరగలేం. శుభలేఖ పోస్టులో వస్తుంది, అది మర్యాద. నువ్వు రాకపోయినా నేనేమీ అనుకోను. రుక్మిణికి నచ్చజెప్పాను.

ఇక్కడ పరిస్థితి బాగా లేదు. సమ్మె తప్పేలా లేదు. పై నుంచి ఎంత బెదిరించినా మా షెడ్డులో ఒక్కడూ వెనక్కి తగ్గడు. మా న్యాయం మాకు తెలిసినప్పుడు ఎవరికీ లొంగేది లేదు.

బాలనర్సింహ


జహనుమా,
18-4-1974

తమ్మీ, దీవెనలు.

మీ న్యాయం మీకు తెలిసినప్పుడు ఎవరికీ లొంగేది లేదని రాశావు. మంచి మాట. ఆ ఉత్తరాన్ని గోడకు గుచ్చి పెట్టాను. రోజూ పనికి పోయే ముందు చదువుకుంటున్నాను. నీకు పై నుంచి సర్కారు చెబుతున్నది, నాకు సైదాబాద్ నుంచి సక్కుబాయి అత్త చెబుతున్నది. ఇద్దరం తోడబుట్టిన వాళ్లమే, పోలికలు ఎక్కడికి పోతాయి.

సీసా అందింది. మూత తీయలేదన్నావు. మూత మీద గుడ్డ కప్పి నేను దారం మూడు చుట్లు చుట్టి పక్క ముడి వేశాను. ఇప్పుడు అక్కడ ఉన్నది జడ కుచ్చులకు వేసే ముడి. ఆ ముడి ఎవరికి నేర్పానో నాకు తెలుసు. నూనె కూడా రెండు వేళ్ల మేర తగ్గింది. నచ్చజెప్పానన్నావు కదా, బాగానే నచ్చినట్టుంది. దాన్ని తిట్టకు. తిట్టావని తెలిస్తే ఈసారి పెద్ద సీసా పంపుతాను.

ఇంకో మాట, ఇది ఎగతాళి కాదు. సమ్మెలో జాగ్రత్త. నీకు ముందు నుంచీ దూకుడు ఎక్కువ. చెప్పులు వేసుకోకుండా బయటికి పోకు, పరుగెత్తాల్సి వస్తుంది.

నీ అక్క,
రాజమణి


(చేతికి పంపిన ఉత్తరం)
5-5-1974

అక్కా,

ఎక్కడి నుంచి రాస్తున్నానో రాయను. మా నాయకులను అప్పుడే పట్టుకుపోయారు. ఎల్లుండి దాటగానే సమ్మె. నా పేరు కూడా జాబితాలో ఉందని తెలిసి ఇల్లు వదిలాను. క్వార్టర్ ఖాళీ చేయమంటారేమోనని అందరూ భయపడుతున్నారు.

లీలమ్మను, రుక్మిణిని ఒంటరిగా వదల్లేను. లీలమ్మ పుట్టింట్లో చోటు లేదు. సక్కుబాయి అత్తకు కబురు పెడితే, పోలీసులు వెతుకుతూ వస్తే మగపెండ్లివారి వాడలో పరువు పోతుందన్నది. రైళ్లు ఆగకముందే ఇద్దరినీ నీ దగ్గరికి పంపుతున్నాను. ఈ ఉత్తరం తెచ్చేది లీలమ్మే.

నేను నీకు ఏమేం రాశానో నాకు గుర్తుంది అక్కా. అయినా పంపుతున్నాను.

బాలనర్సింహ


జహనుమా,
19-5-1974

తమ్మీ,

నువ్వు ఎక్కడున్నావో తెలియదు. అమరనాథ్ తమ్ముడు లారీ మీద పోతున్నాడంటే ఈ ఉత్తరం ఇస్తున్నాను. నీకు చేరితే చేరినట్టు. ఇద్దరూ క్షేమం, ముందు అది చదువుకో.

లీలమ్మ వచ్చిన రోజు గడపలోనే నిలబడిపోయింది. ఇంటి నిండా తీగల మీద మరువం ఆరుతున్నది. "వదినా, జర గది తీసెయ్యరాదే" అన్నది. నేను తీయలేదు. ఇల్లు నీదే, పొయ్యి నీదే, నా మరువం జోలికి మాత్రం రావొద్దని చెప్పాను. రెండు రోజులు మొహం పక్కకు పెట్టుకొని తిరిగింది. మూడో రోజు పనిలోంచి వచ్చేసరికి తడి ఆరని రెమ్మలు ఏరి వేరే గుడ్డ మీద పరుస్తున్నది. రుక్మిణి నేర్పిందట. నీ ఫికర్‌తో చేతులు ఊరికే ఉండలేకపోతున్నాయని ఏడ్చింది. నేనూ ఏడ్చాను. నూనె మాత్రం ఇప్పటికీ ముట్టలేదు.

అసలు సంగతి ఇప్పుడు చెబుతున్నాను. మొన్న నాగమణమ్మ వచ్చింది. ముందుగా కబురు లేదు. వెంట సక్కుబాయి అత్త. నీ మీద వారంటు ఉందని విని సంబంధం వదులుకోవడానికి వచ్చారేమోనని లీలమ్మ వణికిపోయింది. అత్త లోపలికి రాగానే తీగల వైపు చూపించి, "చూసినవా వదినా, నేను చెప్పలే?" అన్నది.

నాగమణమ్మ నన్ను అడిగింది, "ఈ మరువం ఎవలకమ్మా?" అని. మెల్లగానే అడిగింది. తినేటందుకు అన్నాను. ఇంకేమీ దాచదలచుకోలేదు. పీట వేసి, రొట్టె, గిన్నెలో నూనె పెట్టాను. లీలమ్మ చేత్తో సైగ చేస్తున్నది, వద్దు వద్దని. పిల్ల పెండ్లి ఆ గిన్నెలో ఉందని నాకు తెలియదా? తెలుసు. అయినా పెట్టాను. దాచి చేసిన పెండ్లిలో రుక్మిణి రోజూ దాక్కుంటూ బతకాలి.

ఆమె ముంచుకొని తిన్నది. రెండో ముక్క కూడా తిన్నది. మూడోదానికి చెయ్యి ఆగిపోయింది. కొంగు నోటికి అడ్డం పెట్టుకొని, "పదేండ్లాయె గీ వాసన నా దగ్గరికొచ్చి" అన్నది. అంతే. లేచి పోతూ తీగ మీద నుంచి ఒక ఎండు రెమ్మ తీసి కొంగున ముడి వేసుకున్నది. అత్త మొహం చూడాల్సింది నువ్వు.

గుమ్మం దగ్గర లీలమ్మతో, పెండ్లి రెండో తేదీకే చేద్దాం, కాజీపేట కుదరకపోతే ఇక్కడే, మీ ఆయన సంగతి మావాడికి తెలుసు, వాడూ కార్ఖానాలో యూనియనే అని చెప్పి పోయింది.

ఇంకా మా మీద కోపం ఉంటే ఉంచుకో, తిండి మాత్రం మానకు.

నీ అక్క,
రాజమణి


కాజీపేట,
29-5-1974

అక్కా, నమస్కారం.

సమ్మె ఆపేశారు. నిన్న ఇంటికి వచ్చాను. డ్యూటీలోకి తీసుకోలేదు, సస్పెండ్ కాగితం ఇచ్చారు. సంతకం పెట్టలేదు. నీ ఉత్తరం నాకు నాలుగు రోజుల కింద చేరింది. మామిడి తోటలో కూర్చొని చదివాను. చాలాసార్లు చదివాను.

పెండ్లి నీ ఇంటి ముందే చేద్దాం. శనివారం పొద్దుటికి వస్తాను. నువ్వు నా కుటుంబాన్ని కాపాడావు, అది నేను మరిచిపోయే మనిషిని కాను.

ఒక్కటి అడుగుతున్నాను. ఇది హుకుం కాదు, బతిమాలుతున్నాను. మన చుట్టాలందరూ వస్తారు. నేను ఉద్యోగం పోయినవాడిగా వాళ్ల ముందు నిలబడాలి. ఆ ఒక్క పూట నువ్వు వెనక గదిలో ఉండు. జడ లీలమ్మ చెల్లెలు వేస్తుంది. నాగమణమ్మ కూడా వెనకే కూర్చుంటుంది కదా, నీకు తోడు ఉంటుంది. ఒక్క రోజు అక్కా. తరువాత నీ ఇష్టం.

తమ్ముడు,
బాలనర్సింహ


జహనుమా,
12-6-1974

చిరంజీవి బాలనర్సింహకు దీవెనలు.

పిల్లను పంపిన ఇల్లు బోసిగా ఉంది. గిన్నెలన్నీ తోమి ఇచ్చేశాం. పందిరి గుంజలు పీకిన చోట గుంతలు ఇంకా పూడ్చలేదు. నువ్వు కాజీపేట పోయేదాకా నాతో ఒక్క మాట మాట్లాడలేదు, నేనూ నిన్ను పలకరించలేదు. అందుకే రాస్తున్నాను. నువ్వు పందిట్లో చూసింది కొంత, చూడనిది కొంత ఉంది.

నీ ఉత్తరం వచ్చినప్పుడు నేను ఒప్పుకున్నాను. జవాబు రాయడానికి టైం లేదు కానీ ఒప్పుకున్నాను. ఉద్యోగం పోయిన తమ్ముడు బతిమాలితే ఏం చేయను? ఆ రోజు పొద్దున తెల్ల చీర కట్టుకొని వెనక గదిలోకి పోయి కూర్చున్నాను. అది నీకు తెలియదు. తెలుసుకో.

లీలమ్మ చెల్లెలు దువ్వెన పట్టుకొని వచ్చింది. రుక్మిణి లేచి, పూలబుట్ట చంకన పెట్టుకొని, తిన్నగా వెనక గదిలోకి వచ్చింది. నా ముందు నేల మీద, వీపు నా వైపు పెట్టి కూర్చుంది. బడికి పోయేటప్పుడు కూర్చున్నట్టే. ఏడవలేదు, గొడవ చేయలేదు. "అత్తమ్మా, ఆలస్యమైతున్నది" అన్నది. బయట సన్నాయి మొదలైంది. నేను గది తలుపు వైపు చూశాను. నీ మాట గుర్తుంది. కానీ తమ్మీ, నా చేతులు ఆ జుట్టును ఎట్లా మరుస్తాయి? జడ వేశాను. మల్లెల మధ్య మరువం పెట్టి, కుచ్చులు కట్టి, నా ముడే వేశాను.

మొగులయ్య పంపిన కట్ట అది. చూపు లేకపోయినా తన చేత్తోనే కోశాడట, పెండ్లికని చెబితే. జడకు పోను చాలా మిగిలింది. రుక్మిణి లేచి, ఒక రెమ్మ తుంచి, నన్ను అడగకుండా నా కొప్పులో గుచ్చింది. నేను చెయ్యి పైకెత్తాను, తీసేద్దామనే. అప్పుడు ఆ మూల నుంచి నాగమణమ్మ, "ఉండనియ్యమ్మా" అన్నది. ఆమె మాట ఇంకా పూర్తికాకముందే రుక్మిణి ఇంకో రెమ్మ తుంచింది.

మేమిద్దరం బయటికి వచ్చి ముందు వరుసలో ఎందుకు కూర్చున్నామో ఇప్పుడు నీకు తెలిసింది కదా. తలంబ్రాల వేళ నువ్వు పందిరి అవతలి నుంచి నా తల వైపు చూశావు. చూసి మొహం తిప్పుకున్నావు. సక్కుబాయి అత్త మధ్యలో లేచిపోయింది. పెండ్లి మాత్రం ఆగలేదు. అబ్బాయి తన తల్లి వైపు చూసి నవ్వాడు, అది నేను చూశాను.

నీకు బాధ కలిగిందని నాకు తెలుసు. నాకూ కలిగింది, నువ్వు మొహం తిప్పుకున్నందుకు. కానీ క్షమించమని రాయడం లేదు. నువ్వు సస్పెండ్ కాగితం మీద సంతకం పెట్టలేదు కదా, నేనూ పెట్టను. ఇవాళ కూడా తలలో రెమ్మ ఉంది. ఇదే తలతో హాస్టల్‌కు పోయి వచ్చాను. పెద్ద సిస్టర్ చూసి, వాసన పీల్చి, ఆకలి అవుతున్నదన్నది.

అమరనాథ్ చేతికి సీసా పంపుతున్నాను. రుక్మిణి జడ కోసం తెచ్చిన కట్టే, నీడలో బాగా ఆరబెట్టాను, తడి లేదు. పదిహేను రోజులు చీకట్లో ఉంచి వడకట్టుకో. ఆ కట్టలో ఒక రెమ్మ మీ వియ్యపురాలి తలలోకి పోయింది, ఒకటి నా తలలోకి. మిగిలినదంతా ఈ సీసాలో ఉంది. తింటావో, పారబోస్తావో నీ ఇష్టం. తిరిగి మాత్రం పంపకు.

నీ అక్క,
రాజమణి